సాలూరులో పట్టిన కప్పలు

మాస్టారు పోయారన్న కబురు నాకు ఆయన ఇంటి నుంచి రాలేదు. కాలేజీ నుంచి వచ్చింది. రోళ్ళు పగిలే ఎండవేళ భోంచేసి చెయ్యి కడుక్కుంటూంటే ప్రిన్సిపాల్ గారు ఫోన్ చేశారు. ఈయన కొత్తాయన, మాస్టారిని ఫొటోలో తప్ప చూసినవాడు కాదు. "పెద్దాయన పొద్దున్న పోయారటండీ" అని ఒక మాట, "సంస్మరణ సంచిక వేస్తున్నాం, మీరో నాలుగు పేజీలు రాయాలి" అని రెండో మాట. రెండింటికీ మధ్య ఊపిరి కూడా తీసుకోలేదు. "మీ ఇద్దరిదీ గొప్ప అనుబంధం కదా, మంచి మాటలు రాయండి" అన్నారు.

నాకు ఒళ్ళు మండింది. గొప్ప అనుబంధమే! ఎనిమిది నెలల కిందట ఆ పెద్దమనిషి నన్ను ఇంట్లోంచి బయటికి పొమ్మన్నారు. పోయేదాకా మళ్ళీ గడప తొక్కనివ్వలేదు. ఎందుకు పొమ్మన్నారో ఇక్కడ రాస్తాను. మంచి మాటలు కావలసినవాళ్ళు సంచికలో మిగతా పేజీలు చదువుకోవచ్చు, అక్కడ కావలసినన్ని దొరుకుతాయి.

నేను ఆ కాలేజీలో జువాలజీ ల్యాబ్ అటెండర్‌ని. పదో తరగతి గట్టెక్కి చేరినవాణ్ణి, రిటైరయ్యేదాకా అదే గది. మాస్టారు ఆ గదికి లెక్చరర్. పాతికేళ్ళు ఒకే చోట పనిచేశాం. పాతికేళ్ళూ ఆయన నన్ను తిట్టారు, నేను ఆయన్ని మనసులో తిట్టుకున్నాను. ఆయన తిట్లు వరండా దాకా వినపడేవి, నావి నాకే వినపడేవి.

ఆ రోజుల్లో ఇంటర్ పిల్లలు ప్రాక్టికల్స్‌లో కప్పని కోసేవారు. ఆ కప్పల్ని పట్టి తేవడం అటెండర్ పని. తొలకరి పడగానే గోనెసంచి తడిపి భుజాన వేసుకుని, ప్యాంటు మోకాళ్ళ దాకా మడిచి వరిమళ్ళలోకి దిగేవాణ్ణి. బావురుకప్పలు, ఒక్కోటి అరచెయ్యంత ఉంటాయి, దొరికినట్టే దొరికి జారిపోతాయి. ఊళ్ళో నన్ను పేరు పెట్టి పిలిచినవాడు లేడు. "కప్పలోడు" అనేవారు. పెళ్ళిచూపుల్లో మా వాళ్ళు గవర్నమెంటు ఉద్యోగమని చెప్పారు గానీ, ఏం ఉద్యోగమో చెప్పలేదు. ఆ సంగతి మా ఆవిడ ఇప్పటికీ ఎత్తిపొడుస్తుంది.

మాస్టారికి ఆ పెద్ద కప్పలతో పని లేదు. ఆయన పిచ్చంతా చిన్నవాటి మీద. వరిమడి గట్టు మీద బొటనవేలంత మట్టిరంగు కప్ప ఒకటుంటుంది. వాన పడితే చాలు, పొద్దు వాలగానే అరవడం మొదలెడుతుంది. మన పక్క దాని అరుపు గబగబా ఉంటుంది, టకటకటకటకమని, తాళాలగుత్తి ఆడించినట్టు. ఒకసారి ఆయన ఎవరి పెళ్ళికో సాలూరు దాటి ఘాట్ రోడ్డు మీద ఉన్న ఒక ఊరు వెళ్ళారు. అక్కడ కొండవాలున మెట్లు మెట్లుగా ఉన్న మళ్ళలో అదే కప్ప అరుస్తోంది, కానీ టక్... టక్... అని ఆగి ఆగి. దిగి పట్టి చూశారు. రంగు అదే, కొలత అదే, వీపు మీద గీత అదే. పెళ్ళి భోజనం మానేసి, పట్టుపంచె ఎగ్గట్టి, చీకటి పడేదాకా బురదలోనే నిలబడ్డారని అమ్మగారు చెప్పేవారు. అమ్మగారంటే ఆయన భార్య.

"సూపుకి ఒకటే, సెవికి రెండు." ఆయన మాట ఇది. ఆ రెండూ రెండు వేర్వేరు జాతులని ఆయన నమ్మకం. ఆ రోజు నుంచి రిటైరయ్యేదాకా ఆయనకి ఇంకో ధ్యాస లేదు. టేప్ రికార్డర్ మెడకి తగిలించుకుని, గొడుగు చంకలో పెట్టుకుని, వానాకాలం అంతా గట్ల వెంట తిరిగేవారు. స్టాఫ్ రూములో తోటి లెక్చరర్లు బెకబెకమని అరిచి నవ్వుకునేవారు. వాళ్ళలో ఒకాయన మొన్న సంతాపసభలో మైకు పట్టుకుని "ఆ ఋషితుల్యుడితో కలిసి పనిచెయ్యడం మా పూర్వజన్మ సుకృతం" అన్నాడు. నేను వెనక వరసలో కూర్చుని ఆయన మొహం చూస్తూ ఉండిపోయాను.

మాస్టారు పాఠం చెప్పేటప్పుడు నేను గది చివర ట్రేలు కడుగుతూ వినేవాణ్ణి. ఏటేటా అదే పాఠం, అయినా విసుగు రాలేదు. ఈ ఒక్క విషయంలో ఆయనకి వంక పెట్టలేను.

"ఒరే, ఇనండి," అని మొదలెట్టేవారు. బోర్డు మీద ఒక కొండ గీసేవారు. "ఒకప్పుడు అంతా ఒకే మంద. కొన్ని కొండ మీద ఉండిపోయాయి, కొన్ని కింద ఉండిపోయాయి. ఎవురూ తగువాడుకోలేదు. ఎవురూ ఇడిపోదామనుకోలేదు. రాకపోకలు లేవు, అంతే. కొండ మీద గెడ్డ పారే హోరు ఉంటాది. ఆ నీళ్ళ హోరులో ఇనపడాలంటే ఆగి ఆగి గట్టిగా అరవాలి. కింద ఆ బాధ లేదు. ఎవురికొచ్చిన మార్పు ఆళ్ళ పిల్లలకే ఎల్తాది గాని అవతలోళ్ళకి ఎల్లదు. అలాగ వేల తరాలు. ఒకేడు పెద్ద వరదొచ్చి కొండ కప్ప కిందకి కొట్టుకొచ్చిందనుకోండి. ఏటవుతాది?"

ఆయన చెయ్యి చెవికి ఆనించి వింటున్నట్టు నిలబడేవారు.

"మగది అరుస్తాది. కింద ఆడకప్ప ఇంటాది. ఇది మనోడి గొంతు కాదనీసి మొహం తిప్పుకుంటాది. మగకప్పకి ఇచక్షణ లేదురా, అది చెప్పు కనపడినా పట్టుకుంటాది. ఆడదానికే ఉన్నాది. పోనీ పొరపాట్న కలిశాయి, గుడ్లు పెట్టింది. గుడ్డు నిలవదు. అప్పుడు అవి రెండు జాతులు. ముందు దారి మూసుకుంటాది. తర్వాత గొంతు మారుతాది. ఆ తర్వాత దారి తెరుసుకున్నా లాభం లేదు."

ఒకడు లేచి గాడిదకీ గుర్రానికీ పిల్ల పుడుతుంది కదా సార్ అన్నాడు. "పుడతాది, కంచరగాడిద. దానికి పుడతాదేటి పిల్ల? పుట్టదు. అక్కడితో ఆగిపోతాది. కూకో," అన్నారు. ఇంకో ఏడాది ఇంకొకడు, కాస్త కలిగినింటివాడు, మరి మనుషుల్లో కులాలు కూడా ఇలాగే విడిపోయినవేనా సార్ అని అడిగాడు. మాస్టారు చేతిలో సుద్దముక్క విసిరి కొట్టారు. అది వాడి నుదుటికి తగిలింది. "కులం కానోళ్ళని సేసుకుంటే పిల్లలు పుట్టట్లేదేటిరా? పుడతన్నారు. అదే కదా మీ పెద్దోళ్ళ ఏడుపు! కప్పలకి కొండ అడ్డమొచ్చింది. మీకేటి అడ్డమొచ్చింది?" వాడి తండ్రి మర్నాడు కాలేజీకొచ్చి గొడవ చేశాడు. మాస్టారు ఆయనకి కూడా కుర్చీ వేసి అదే పాఠం మొదటినుంచి చెప్పారు.

తిట్లు మాత్రం నాకే ఎక్కువ పడేవి. సీసాల మీద చీటీలు నేను రాసేవాణ్ణి. అక్షరం వంకరపోతే చింపి మొహాన కొట్టేవారు. "ఇది చీటీయా, కోడి గీకిందా? పదిసార్లు రాయి." రాశాను. ఏడాది తిరిగేసరికి నా చేతిరాత గుండ్రంగా తిరిగింది. చదవడానికి పాత పత్రికలు పడేసేవారు, మర్నాడు ఏం చదివావో చెప్పమనేవారు, చెప్పలేకపోతే మళ్ళీ తిట్లు. ఇప్పుడు నేను ఈ నాలుగు ముక్కలు కూర్చి రాస్తున్నానంటే అది ఆయన పెట్టిన భిక్షే. ఒప్పుకోవడానికి నాకేం సిగ్గు లేదు, కానీ పెట్టిన తీరు మాత్రం నేను మరిచిపోలేదు.

కప్పల్ని కొయ్యొద్దని పైనుంచి కాగితం వచ్చిన ఏడాదే ఆయన రిటైర్‌మెంటు కూడా పడింది. ల్యాబ్‌లో సగం కంప్యూటర్లకి ఇచ్చేస్తారన్నారు. ఆయనకి మిగిలింది ఒక్క వానాకాలం. అరుపుల టేపులు బోలెడున్నాయి గానీ, రెంటినీ కలిపి గుడ్డు నిలవదని చూపించనిదే ఎవరూ ఒప్పుకోరు. యూనివర్సిటీ నుంచి ఇద్దరు వచ్చి చూస్తామన్నారు. కింది కప్పల్ని కాలేజీ వెనక మళ్ళలో ఆయనే పట్టుకున్నారు. కొండవి ఇరవై నేను తేవాలి. ఆయనకి అప్పటికే మోకాళ్ళు పట్టేశాయి, ఘాట్ ఎక్కి మెట్ల మళ్ళలో దిగలేరు.

నేను బయల్దేరడానికి రెండు రోజుల ముందు ఒక సంగతి జరిగింది. మాస్టారు ఇంకా క్లాసుకి రాలేదు. ముందు బెంచీలో అమ్మాయి ఒకతె నన్నే అడిగింది, కొండ కప్ప వేరే జాతి ఎలా అవుతుందని. పాతికేళ్ళు విన్నవాణ్ణి కదా, సుద్దముక్క తీసుకుని బోర్డు మీద కొండ గీసి చెప్పడం మొదలెట్టాను. పిల్లలు శ్రద్ధగా వింటున్నారు. నాకు ఒళ్ళు పొంగింది. ఇంతలో వెనక నుంచి గొంతు వినపడింది.

"దిగు."

తిరిగి చూశాను. మాస్టారు గుమ్మంలో ఉన్నారు.

"సెరిపీ. నువ్వు కప్పలు పట్టరా. పాఠం నాను సెప్తాను."

క్లాసంతా నవ్వింది. నా చేత్తోనే చెరిపాను. నవ్వనిది ఒక్క మా అమ్మాయే. అది ఆ క్లాసులో మూడో బెంచీలో కూర్చుని ఉంది, తల వంచుకుని చేతిగోళ్ళు చూసుకుంటోంది. నా మీద విసిరిన మాటలు ఎన్నో తుడుచుకున్నాను. ఆ రోజు నా కూతురు తల వంచుకోవడం మాత్రం తుడుచుకోలేకపోయాను. ఆ మనిషి మీద నాకు అంత కసి ఎప్పుడూ పుట్టలేదు, మళ్ళీ పుట్టలేదు కూడా.

ఆ కసితోనే సాలూరు బస్సెక్కాను. సాలూరులో మా బావ ఉంటాడు, లారీ డ్రైవరు. మామూలుగా అయితే ఘాట్ మీదకి వెళ్ళే లారీలో ఎక్కించి పంపేవాడు. ఆ రోజు ఇంటి దగ్గరే ఉన్నాడు, చేపల పులుసు ఉడుకుతోంది.

"ఏటి బావా, ఈ జల్లులో కొండెక్కుతావేటి? తిని తొంగో. కప్పలేటి, మా ఇంటెనక లేవేటి?" అన్నాడు.

వాడు వేళాకోళానికన్నాడు. నేను పట్టుకున్నాను. తిని పడుకున్నాను. తెల్లవారుజామున వాడి ఇంటి వెనక, లారీ షెడ్డు పక్క మడిలో దిగి ఇరవై కప్పల్ని గంటలో పట్టేశాను. సాలూరు కొండ అడుగున ఉంది గానీ కొండ మీద లేదు. అవి కింది కప్పలే, టకటకటకమనేవే. నాకు తెలుసు. గాజుసీసాలోకి మార్చి, మాస్టారు నేర్పిన గుండ్రటి అక్షరాలతో "కొండ" అని చీటీ రాసి అంటించాను. నీ కొండ కప్పలూ నువ్వూ, అనుకున్నాను.

చూపుకి రెండూ ఒకటేనని పాతికేళ్ళు చెప్పిన మనిషి చూసి ఎలా గుర్తుపడతాడు? అరిస్తే దొరికిపోతానని భయపడ్డాను. ఆ వారం చుక్క వాన లేదు, ఒక్కటీ నోరు విప్పలేదు. మాస్టారు టబ్బుల్లో జతలు వేశారు. నా సీసాలోంచి మగవి, ఆయన పట్టినవాటిలోంచి ఆడవి. మూడో రోజుకి టబ్బుల నిండా నల్లటి తోకకప్పలు గిలగిలలాడుతున్నాయి. ఒక్క గుడ్డూ పాడవలేదు. ఎందుకు పాడవుతుంది?

ఆయన చాలాసేపు టబ్బు మీదకి వంగి ఉన్నారు. అద్దాలు తీసి తుడుచుకుని మళ్ళీ వంగారు. ఇప్పుడు గింజుకుంటాడు, నన్ను తిడతాడు, మళ్ళీ పట్టుకురమ్మని పంపుతాడు అనుకున్నాను. మళ్ళీ పంపితే ఈసారి నిజంగానే కొండకి వెళ్దామని కూడా అనుకున్నాను. పంపలేదు. యూనివర్సిటీవాళ్ళు వచ్చారు. వాళ్ళ ముందు, క్లాసు పిల్లల ముందు, బోర్డు మీద తను గీసిన కొండ తనే చెరిపి, "ఇన్నేళ్ళు మీకు తప్పు సెప్పాను. గుడ్డు నిలిసింది. ఇవి ఒకటే జాతి. నా సెవిని నమ్మి నాను మోసపోయాను," అన్నారు. మూడో బెంచీలో మా అమ్మాయి ఉంది. ఈసారి అది తలెత్తి మాస్టారినే చూస్తోంది.

ఎవరి మాటా ఒప్పుకోని మనిషి, ప్రిన్సిపాల్‌కి ఒప్పుకోనివాడు, కలిగినింటివాడి తండ్రికి ఒప్పుకోనివాడు, నా అబద్ధానికి ఒక్క నిమిషంలో ఒప్పుకున్నాడు. నేను గది చివర ట్రేలు కడుగుతున్నాను. అప్పుడే నోరు విప్పి ఉంటే సరిపోయేది. ఉద్యోగం పోతుందని భయం, అంతకన్నా ఆయన చేత తిట్లు తినడానికి అసహ్యం. మెదలకుండా ఊరుకున్నాను. ఆ సాయంత్రం తోకకప్పల్ని వెనక మళ్ళలో వదిలెయ్యమంటే వదిలేశాను.

రిటైరయ్యాక మాస్టారు గజపతినగరంలో ఇల్లు కట్టుకున్నారు. నేను నెలకోసారి వెళ్ళేవాణ్ణి. ఎందుకు వెళ్ళేవాణ్ణంటే ఏం చెప్పను? దొంగకి దొంగిలించిన ఇంటి వైపే కాళ్ళు లాగుతాయంటారు. కుర్చీలో కూర్చోబెట్టి కాఫీ ఇప్పించేవారు, చేతిరాత పాడు చేసుకున్నావా అని అడిగేవారు. వయసుతో పాటు తిట్లు తగ్గాయి. నాకు ఆ తిట్లే నయమనిపించేది. టేపులన్నీ గోనెసంచిలో మూటగట్టి అటక మీద పడేశారు. వానాకాలంలో కప్పలు అరుస్తూంటే కిటికీ వేసెయ్యమనేవారు.

ఎనిమిది నెలల కిందట వెళ్ళినప్పుడు మంచం మీద ఉన్నారు. పక్కింటాయన ఎవరో చూడ్డానికొస్తే ఆయనతో నవ్వుతూ తన కప్పల కథే చెబుతున్నారు. "నా అంత తెలివితక్కువోడు ఈ జిల్లాలో లేడండీ. ఓ అరుపిన్నాను, దాని మీద పాతికేళ్ళు మేడ కట్టాను. ఈడు కప్పలు తెచ్చేక మూడ్రోజుల్లో కూలిపోనాది," అని నన్ను చూపించి నవ్వారు. పక్కింటాయనా నవ్వాడు. తన మీద తనే నవ్వుకుంటున్న ఆ ముసలాయన్ని ఇంక చూడలేకపోయాను. పక్కింటాయన వెళ్ళేదాకా ఆగాను. అమ్మగారు అక్కడే మందులు సర్దుతున్నారు.

"మాస్టారూ, నేను కొండకి వెళ్ళలేదు," అన్నాను. "ఆ కప్పలు సాలూరువి."

ఆయనకి వెంటనే ఎక్కలేదు. "ఎక్కడ?"

"మా బావ ఇంటి వెనక. కిందివే. మీరు నన్ను క్లాసులో చెరిపించారని కోపంతో..."

"ఎన్ని?"

"ఇరవై. అన్నీ."

ఆయన లేచి కూర్చోబోయారు. అమ్మగారు పట్టుకోబోతే చెయ్యి విదిలించారు. మొహం ఎర్రబడింది. అంత కోపం పాతికేళ్ళలో చూడలేదు, కానీ గొంతు చాలా చిన్నగా వచ్చింది.

"పదమూడేళ్ళు. నాకు ఓపికున్నప్పుడు సెప్పుంటే నాను పాక్కుంటూనైనా ఎల్లేవోణ్ణి. ఇప్పుడు సెప్పావు. ఇప్పుడు నానేటి సెయ్యాలి? నువ్వు బరువు దింపుకోడానికొచ్చావురా. లే. బైటికెళ్ళు."

వెళ్ళాను. తర్వాత ఆరేడుసార్లు వెళ్ళి ఉంటాను. అమ్మగారు గుమ్మంలోనే నిలబడి, "వద్దన్నారు" అనేవారు, తలుపు వేసేసేవారు. నాకు కోపం వచ్చేది. నిజం చెప్పినందుకా ఈ శిక్ష, అబద్ధంతోనే ఉంటే చచ్చేదాకా కాఫీ ఇచ్చేవారు కదా అని రోడ్డు మీద గొణుక్కుంటూ వచ్చేవాణ్ణి. ఇప్పుడు ఆలోచిస్తే ఆయన అన్నది నిజమే. నేను బరువు దింపుకోవడానికే వెళ్ళాను. కానీ క్షమించాను అని ఒక్క మాట అనడానికి ఆయన సొమ్మేం పోయింది? ఇది రాస్తున్నప్పుడు కూడా నాకు ఆయన మీద కోపంగానే ఉంది.

పెద్దకర్మ నాడు భోజనాల దగ్గర కూర్చోబోతే అమ్మగారు నా దగ్గరికొచ్చి, "నువ్వు తినేసి ఎల్లిపో, లోపలికి రాకు" అన్నారు. విస్తరి ముందు నుంచి లేవలేక, తినలేక, రెండు ముద్దలు మింగి వచ్చేశాను.

తర్వాత పది రోజులకి తొలకరి పడింది. నాకు ఇప్పుడు అరవై ఆరేళ్ళు, ఒక కన్ను ఆపరేషనైంది. మా ఆవిడ వద్దని మొత్తుకుంటున్నా గోనెసంచి తడుపుకుని సాలూరు బస్సెక్కాను. బావ ఇంటికి పోలేదు. ఘాట్ మీదకి వెళ్ళే బస్సు పట్టుకుని మాస్టారు చెప్పిన ఊళ్ళో దిగాను. పొద్దు వాలుతూంటే మెట్ల మళ్ళలో అరుపు మొదలైంది. టక్... టక్... టక్... పక్కన గెడ్డ హోరు. కోపమొచ్చేంత స్పష్టంగా ఉంది తేడా. చెవిటివాడు కూడా చెప్పగలడు. ఫోన్‌లో రికార్డు చేసుకున్నాను. రెండుసార్లు బురదలో పడ్డాను, ఒక చెప్పు పోయింది. ఎనిమిది కప్పలు దొరికాయి, చాలనుకున్నాను.

మర్నాడు వాటితో తిన్నగా గజపతినగరం వెళ్ళాను. నేను మా ఇంట్లో జతలు వేసి, మాస్టారే నిజమని వచ్చి చెబితే నమ్మేదెవరు? నా మాట నమ్మి ఒకసారి ఆయన మునిగిపోయాడు. అమ్మగారి కళ్ళ ముందే చెయ్యాలి.

ఆవిడ తలుపు సగమే తీశారు. "ఏటి మళ్ళీ?"

చెప్పాను. "ఇంట్లోకి రానమ్మా. పెరట్లో ఓ మూడు బేసిన్లు పెట్టుకుంటాను. తాళం మీరే వేసుకోండి."

"ఈ పాలి కొండకే ఎల్లావని రుజువేటి?"

ఫోన్ తీసి వినిపించాను. ఆవిడ తలుపు పట్టుకుని కళ్ళు మూసుకుని విన్నారు. పాత ఇంట్లో పాతికేళ్ళు ఆ టేపులు మోగాయి. వంట చేస్తూ, బట్టలు మడతపెడుతూ, విసుక్కుంటూ ఆవిడా విన్నారు. మళ్ళీ పెట్టమన్నారు. మళ్ళీ పెట్టాను.

"కొండదే," అన్నారు. వెళ్ళి పెరటి తలుపు గడియ తీశారు.

ఒక బేసిన్‌లో కొండ జత, ఒక బేసిన్‌లో ఆ ఊరి మళ్ళలోనే పట్టిన కింది జత, మూడోదాంట్లో కొండ మగది, కింది ఆడది. మాస్టారుంటే మూడు బేసిన్లతో శాస్త్రమేటిరా అని లేచేవారు. ఒక్కసారి చేసినదాన్ని చదువుకున్నవాళ్ళు లెక్కలోకి తీసుకోరని నాకూ తెలుసు. మూడింటి మీదా ఆవిడ పాత చీర చింపి కట్టారు, పెరటికి తాళం వేసి తాళంచెవి కొంగున ముడేసుకున్నారు. నేను రోజూ పొద్దున్నే వచ్చి గేటు బయట నిలబడేవాణ్ణి, ఆవిడ తీస్తే లోపలికి వచ్చి చూసేవాణ్ణి. మంచినీళ్ళు అడిగితే ఇచ్చారు గానీ కూర్చోమనలేదు.

రెండో రోజుకి మూడింట్లోనూ గుడ్లు పడ్డాయి. నాలుగో రోజు పొద్దున్న ఆవిడే ముందు చీర విప్పి చూశారు. కొండ జత బేసిన్‌లో తోకకప్పలు తిరుగుతున్నాయి. కింది జత బేసిన్‌లో తిరుగుతున్నాయి. మూడోదాంట్లో గుడ్లన్నీ పాలిపోయి, మసకేసి, సగ్గుబియ్యం నానబెట్టినట్టు తెల్లగా తేలుతున్నాయి. ఒక్కటీ కదల్లేదు. ఆవిడ వేలు నీళ్ళలో పెట్టి నెమ్మదిగా కలిపి చూశారు. కదల్లేదు.

నేను గెలిచినట్టు సంతోషపడ్డానో, మళ్ళీ ఓడిపోయినట్టు ఏడ్చానో నాకే తెలియదు. "మాస్టారు చెప్పిందే నిజమమ్మా. రెండు జాతులే," అన్నాను.

ఆవిడ నా వైపు చూడలేదు. "నిజమే. ఆయన సెవిలో ఎవురెడతారు ఈ మాట?"

క్షమించమని నేను అడగలేదు, క్షమించానని ఆవిడా అనలేదు. తోకకప్పల్ని రెండు డబ్బాల్లోకి ఎత్తాను, కొండవి కొండకి, కిందివి మడికి చేర్చాలి కదా. పాడైపోయిన గుడ్ల నీళ్ళు కాలవలో పారబోద్దామని మూడో బేసిన్ ఎత్తబోయాను.

"దాన్ని ముట్టుకోకు," అన్నారు. "ఆయనది, ఉండనీ."

మర్నాటికి అది కంపు కొడుతుందని చెప్పాను. ఆవిడ వినిపించుకోలేదు. నేను డబ్బాలు పట్టుకుని గేటు దాటుతూ వెనక్కి తిరిగి చూశాను. ఆవిడ వంటింట్లోంచి అన్నం తినే పళ్ళెం తెచ్చి ఆ బేసిన్ మీద మూత పెట్టారు. గోడ మీద కాకులు చూసి, అవి తోసెయ్యకుండా పళ్ళెం మీద ఒక రాయి కూడా పెట్టారు.